కథ లేని నాలుగు గంటల ప్రయాణ చిత్రాన్ని చూడగలమా?

అమెరికన్ దర్శకుడు రాబర్ట్ క్రేమర్ 1989లో తీసిన ‘రూట్ వన్/యూఎస్ఏ’ డాక్యుమెంటరీయా, కథాచిత్రమా, నాలుగు గంటలకు పైగా ఓపిక పట్టి చూడదగినదేనా అని మీరు అడిగారు. నేను దానిని మొదటిసారి నలభై నిమిషాలకే ఆపేశాను. మస్కట్‌లో పదకొండేళ్ల ఉద్యోగం ముగించుకుని చిత్తూరుకు తిరిగివచ్చాక మళ్లీ పెట్టుకుని, రెండు రాత్రులలో పూర్తిచేశాను.

అందులోని డాక్ అనే వైద్యుడు కల్పిత పాత్ర. పాల్ మెక్‌ఐజాక్ ఆ వేషం వేశాడు. అతనికి దారిలో తారసపడే వారు మాత్రం నిజమైన మనుషులు. కెమెరా పట్టుకున్నది క్రేమరే. ఏళ్ల తరబడి ఐరోపాలో ఉండి స్వదేశానికి వచ్చిన ఆయన, తనలాగే పరదేశం నుంచి తిరిగివచ్చిన డాక్‌ను ముందు నడిపించి, వెనుక తాను నడిచాడు. కనుక మీ మొదటి ప్రశ్నకు ‘రెండూ’ అన్నదే నా జవాబు. తేల్చుకోవాలని కూర్చుంటే సినిమా చేజారిపోతుంది.

నాకు మరింత ముఖ్యమనిపించినది క్రేమర్ ఎంచుకున్న దారి, అంటే సినిమా పేరులోని రూట్ వన్ రోడ్డు. కెనడా సరిహద్దున మెయిన్ రాష్ట్రం నుంచి ఫ్లోరిడా కొసనున్న కీ వెస్ట్ దాకా సుమారు 3,800 కిలోమీటర్లు సాగే ఆ పాత రోడ్డుకు సమాంతరంగా, చాలా దూరం, పెద్ద హైవే ఉంది. తొందరగా పోవలసినవారు దాని మీదనే పోతారు. దేశం ఎలా మారిందో చూడదలచినవాడికి ఊళ్ల నడుమ నుంచి పోయే పాత దారే కావాలి.

ఈ సంగతి నాకు తిరుపతికి వెళ్లే పల్లెవెలుగు బస్సులో తెలిసింది. కొత్త రోడ్డు మీద గంటన్నరలో దిగబెట్టే ఎక్స్‌ప్రెస్ తప్పిపోయి, విసుక్కుంటూనే దానిని ఎక్కాను. చంద్రగిరికి ఇవతల ఒక టీ అంగడి గోడ మీద ‘ఇచ్చట లారీలు నిలుపుకొనుటకు స్థలము కలదు’ అన్న అక్షరాలు ఇంకా చెరిగిపోలేదు. ఆ స్థలంలో వేరుసెనగ కాయలు ఎండబోశారు. నా చిన్నప్పుడు అక్కడ చింతచెట్ల నీడన లారీలు వరుసగా ఆగేవి. ఊరు విడిచిపోకుండా రోజూ ఆ దారిన తిరిగే మా తమ్ముడికి ఈ మాట చెబితే, “అది ఎప్పుడో పోయిందిలే అన్నా” అని ఊరుకున్నాడు.

ఫోనులో మాత్రం చూడకండి. సగం ఒక రాత్రి, మిగతా సగం మరునాడు చూడండి. పక్కన అమెరికా పటం ఒకటి ఉంచుకుంటే చాలు.