తాత పొలం కథ రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

నీ కథ రెండుసార్లు చదివాను. తాత డెల్టా నుంచి బండి కట్టుకుని గోదావరి ఏజెన్సీకి రావడం, మన్యం జ్వరానికి బిడ్డను పోగొట్టుకోవడం చదువుతుంటే కళ్ళు చెమర్చాయి. ఆ పేజీల జోలికి పోకు. 'మనిషన్నవాడు లేని అడవిని కొట్టి పొలం చేశాడు' అన్న వాక్యం మాత్రం నన్ను ముందుకు పోనివ్వలేదు. ఆ తర్వాతి పేజీలోనే మీ నాయనమ్మ ఉప్పు కొలిచి ఇచ్చి చింతపండు తీసుకుంటుంది. మనిషి లేని అడవిలో ఆ చింతపండు ఎవరు తెచ్చారు?

అక్కడి కొండజాతులు కోయలు, కొండరెడ్లు పోడు కొట్టిన నేలను, అంటే చెట్టు నరికి కాల్చి చదును చేసిన నేలను, కొన్నేళ్ళు పండించి, మళ్ళీ చెట్టు లేచేదాకా వదిలేసేవాళ్ళు. ఆ వదిలిన నేల మనవాళ్ళ కంటికి బంజరు. తెల్లదొరల కంటికి సర్కారు అడవి. 1882 మద్రాసు అటవీ చట్టం నిలబడింది ఆ చూపు మీదే. అంతకుముందే, 1879లో, గోదావరి మన్యంలోని రంప తెల్లదొరల మీద తిరగబడింది. కల్లు మీద వేసిన చిగురుపన్ను ఒక్కటే కారణం కాదు. మైదానం షావుకార్లు రాయించుకున్న కాగితాలు, వాటి వెనక కోర్టులు కూడా.

నీ కథలో తాత వచ్చింది 1934లో. ఏజెంటు, అంటే ఏజెన్సీని చూసే సర్కారు అధికారి, అనుమతి లేకుండా కొండజాతివాళ్ళ భూమి బయటివాళ్ళకు రాసిస్తే చెల్లదని 1917 నుంచే చట్టం ఉంది. మరి ఆ పొలం ఆయన చేతికి ఎలా వచ్చింది? నీ అసలు కథ అక్కడుంది. అది రాయడానికి తాతను దుర్మార్గుణ్ణి చేయనక్కర్లేదు. ఆకలితో వచ్చినవాడే ఇంకొకరి నేల మీద నిలబడ్డాడు. రెండూ నిజమే, రెండూ రాయి.

మా ఇంట్లోనూ ఒక ఖాతా పుస్తకం ఉంది. అందులో ఒకచోట జొన్నల బాకీ, దాని కింద నాలుగెకరాలు, పక్కన వేలిముద్ర. ముద్ర మధ్యలో అడ్డంగా తెల్లటి గీత, ఎప్పుడో తెగిన గాటు. పేరు రాయాల్సిన చోట 'కోయదొర' అని మాత్రమే ఉంది. ఆ మనిషి పేరేమిటని మా నాన్నను నేను ఒక్కసారీ అడగలేదు. ఇప్పుడు అడగడానికి ఆయన లేడు.

నీ కథలో కోయలు వచ్చేది ఒక్కచోటే, పండగపూట కొమ్ములు కట్టుకుని ఆడటానికి. ఆ ఆట తీసెయ్. చింతపండు తెచ్చిన మనిషికి ఇంటిపేరు పెట్టు, బేరమాడనివ్వు. అయితే వాళ్ళ గుండెలో దూరి మాట్లాడబోకు. అది వాళ్ళే రాసుకుంటారు, రాస్తున్నారు కూడా.

వచ్చే నెల భద్రాచలం వెళ్తున్నానన్నావు. మీ పొలం గట్టు మీద చింతచెట్టు ఇంకా ఉంటే, అది ఎవరు పెట్టిందో మీ పెదనాన్నని కాదు, పక్క గూడెంలో అడుగు.

మీ అన్న