−3/4 − (−1/2) ఎంత? రెండు మైనస్‌లు కనిపిస్తే ప్లస్సేనా?

జవాబు −1/4, రుణ భిన్నాన్ని తీసివేయడమంటే అంతే ధన భిన్నాన్ని కలపడం, కాబట్టి లెక్క −3/4 + 1/2 అవుతుంది.

మైనస్‌ని బాకీ అనుకోండి. విశాఖ ఎంవీపీ కాలనీలో పక్కింటి పిన్నిగారికి మీరు ముప్పావు కిలో పంచదార బాకీ. "అందులో అరకిలో ఇవ్వక్కర్లేదమ్మా" అందావిడ. అర పోయింది, పావు మిగిలింది. ఇంకా బాకీయే గనుక మైనస్ అలాగే ఉంటుంది. కాగితం మీదైతే అరని రెండు పావులు చేస్తాం: −3/4 + 2/4 = −1/4. హారాలు మాత్రం కలపకూడదు, అవి ముక్క సైజు చెబుతాయంతే.

చాలామంది తడబడేది −3/4 − 1/2 దగ్గర. 'మైనస్ మైనస్ ప్లస్' అని 5/4 వేసేస్తారు. అది గుణకారం సూత్రం. ఇక్కడ బాకీ మీద బాకీ పడింది: −5/4.