దెయ్యం లేకుండా భయపెట్టే సినిమా ఏది?

ప్రశ్న: సార్, సైన్స్ ఫిక్షన్ హారర్ అని ఎవుర్నడిగినా 'ఏలియన్' పేరే చెప్తా ఉండారు, అది చూసేశా. జనం పెద్దగా పట్టించుకోని పాత సినిమా ఏదన్నా చెప్పండి. ఆఖర్లో చెడగొట్టకుండా ఉండాల.
- ఒక పాఠకుడు, కావలి

జవాబు: 'ఫేజ్ ఫోర్' చూడబ్బాయ్, 1974లో వచ్చింది. హిచ్‌కాక్ 'వెర్టిగో', 'సైకో'కి టైటిల్స్ డిజైన్ చేసిన సాల్ బాస్ తీసిన ఒకే ఒక్క ఫీచర్ ఫిల్మ్ ఇది. అరిజోనా ఎడారిలో రకరకాల చీమలు కొట్లాటలు మానేసి ఉన్నట్టుండి ఒకటైపోతాయి, అదేందో తేల్చుకుందామని ఇద్దరు సైంటిస్టులు అక్కడ ల్యాబ్ పెడతారు, చీమలేమో దాని చుట్టూ మెరిసే దిబ్బలు కట్టి ఎండనంతా ల్యాబ్ మీదికి మళ్లిస్తాయి, ఏసీని కూడా పాడుచేస్తాయి, లోపలున్నోళ్లు ఉడికిపోతా ఉంటారు. మే నెల నెల్లూరు ఎండ తెలిసినోళ్లకి ఆ సీన్లు ఇంకా బాగా తగుల్తాయి.

ఇందులో ఏనుగంత చీమలేం ఉండవు, అన్నీ మామూలు సైజువే. కెన్ మిడిల్‌హామ్ అనే ఆయన నిజం చీమల్నే అంత దగ్గర్నుంచి తీశాడు, కాళ్ల మీద నూగు కూడా కనపడుద్ది. ఒక్క సీను చెప్తా. సైంటిస్టులు పసుప్పచ్చ విషం చల్లితే కుప్పలుగా చస్తాయి గదా, అప్పుడొక చీమ ఆ విషం ముక్క పట్టుకోని సొరంగంలోకి బయల్దేరుద్ది, కొంచెం దూరం పోయి చచ్చిపోద్ది, ఇంకోటొచ్చి అదే ముక్క అందుకోని లాక్కపోతా అదీ చస్తది, ఆమైన ఇంకోటి, అట్టా రాణి చీమ దాకా చేరుస్తాయి. రాణి దాన్ని తినేసి, ఆ విషానికి చావని పిల్లల్ని పెడతది. ఒక్క డైలాగ్ లేదు ఆ సీన్లో, నాకైతే ఒళ్లు జలదరించింది. మన వంటింట్లో పంచదార డబ్బా చుట్టూ చీమల మందు గీత గీస్తాం చూడు, తర్వాత ఆ గీత మీద నమ్మకం పోద్ది.

మొదట్లో చాలాసేపు చీమలే కనపడతాయి, ఫోన్ పక్కన పెట్టి ఓపిగ్గా చూడాల.

ఇంక ఆఖరు సంగతి. సాల్ బాస్ తీసిన అసలు ముగింపు, చీమల లోకంలో మనుషుల బతుకు ఎట్టా మారిపోద్దో చూపించే వింత వింత షాట్ల వరస, దాన్ని రిలీజ్‌కి ముందే స్టూడియో వాళ్లు కోసేశారు. అంత కష్టపడి తీసిన మనిషికి అది అన్యాయమే. 2012లో ఆ ముక్క బయటపడి లాస్ ఏంజెల్స్‌లో తెర మీద వేశారు. నువ్వు ముందు రిలీజైన సినిమా చూసెయ్, ఆమైన ఆ ముగింపు వెతుక్కోని చూడు, ఏది నచ్చిందో మాకు రాయి.