మన ఆటకు బీజీజీలో పేజీ: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

ఈసారి రాయగడ నుంచి బరంపురం దాకా వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ఒకే సంగతి అడిగాయి. మనవాళ్లు తయారుచేసిన ఆటలను, మన అరుగుల మీద ఆడుకునే ఆటలను బోర్డ్‌గేమ్‌గీక్ (బల్ల ఆటల, కార్డు ఆటల వివరాలు ఒకచోట చేర్చిన ఇంగ్లీషు వెబ్‌సైటు) జాబితాలోకి ఎక్కించడం ఎలా? స్కాట్ ఆల్డెన్, డెర్క్ సోల్కో 2000లో మొదలుపెట్టిన ఈ సైటును ఆటగాళ్లు బీజీజీ అని పిలుస్తారు. ఆట నమోదుకు డబ్బు కట్టక్కర్లేదు, ఖాతా ఉంటే చాలు. కానీ మీరు పంపిన వివరాలను నిర్వాహకులు చూసి ఆమోదించాకే పేజీ వస్తుంది. వాళ్లకు తెలుగు వస్తుందని, ఒడియా వస్తుందని అనుకోకండి. మీ పెట్టె కూడా వాళ్ల చేతిలో ఉండదు. రాసేటప్పుడు ఈ ఒక్క మాట గుర్తుంటే సగం పని అయినట్టే.

ప్రశ్న: మేం నలుగురం కలిసి 'సంత రోజు' అనే ఆట తయారుచేశాం. 54 కార్డులు, 24 చెక్క బిళ్లలు. ప్రెస్సులో 60 పెట్టెలు వేయించి అమ్ముతున్నాం. మాకు కంపెనీ లేదు, పెట్టె మీద బార్‌కోడ్ లేదు. మా ఆటను తీసుకుంటారా? (రాయగడ)

జవాబు: తీసుకుంటారండీ. కంపెనీ, బార్‌కోడ్ లేకపోవడం అడ్డు కాదు. ఆట నిజంగా జనం చేతికి అందిందా, దాని నియమాలు స్పష్టంగా ఉన్నాయా అన్నదే చూస్తారు.

ఫారం తెరిచే ముందు కాగితం మీద అన్నీ రాసిపెట్టుకోండి. ఎంతమంది ఆడతారో రాసేటప్పుడు పెట్టె మీద వేసిన అంకెనే ఇవ్వండి. పెట్టె మీద 2–4 అని ఉండి ఫారంలో 2–6 అని ఉంటే అక్కడే అనుమానం మొదలవుతుంది. ఆట సమయం నిమిషాల్లో అడుగుతారు. అంచనాగా వేయకండి. ఆట కొత్తగా నేర్చుకున్నవాళ్ల చేత మూడుసార్లు ఆడించి, గడియారం చూసి, అతి తక్కువ సమయం, అతి ఎక్కువ సమయం రాసుకోండి. సంవత్సరం దగ్గర చాలామంది పొరబడతారు. ఆలోచన పుట్టిన ఏడాది కాదు, మొదటి పెట్టె బయటి మనిషి చేతికి వెళ్లిన ఏడాది వేయాలి.

డిజైనర్ గడిలో నియమాలు కట్టినవాళ్ల పేర్లు, ఆర్టిస్టు గడిలో బొమ్మలు గీసినవాళ్ల పేర్లు వస్తాయి. నలుగురూ కలిసి చేశారు కదా అని నలుగురి పేర్లూ రెండు చోట్లా పెట్టకండి. ఎవరి పని వారి పేరు మీదే ఉండాలి. ఈ పేర్లను టైపు చేస్తే సరిపోదు. జాబితాలో ఉన్న మనిషి పేజీకి లంకె వేయాలి. మీ పేరుతో పేజీ లేకపోతే దాన్ని విడిగా నమోదుకు పంపాలి. అదే పేరుతో ఇంకో డిజైనర్ ఉన్నారేమో ముందు వెతకండి. లేకపోతే మీ ఆట ఏ దేశంలోనో ఉన్న మనిషి ఖాతాలో పడుతుంది. ప్రచురణకర్తగా లేని కంపెనీ పేరు పుట్టించకండి. సొంతంగా వేసుకున్న ఆటల కోసం అక్కడ 'సెల్ఫ్ పబ్లిష్డ్' అనే ఎంట్రీ ఉంది, అది ఎంచుకోండి.

వివరణ ఇంగ్లీషులో రాయండి. 'మన సంస్కృతిని చాటే అద్భుతమైన ఆట' లాంటి వాక్యం ఒక్కటీ వద్దు. మీరు పంపిన నియమాల కాగితాన్ని బట్టి ఇలా ఉంటే బాగుంటుంది: 'ఆటగాళ్లు వారపు సంతకు వచ్చిన వర్తకులు. ఒక్కొక్కరికి 5 కార్డులు పంచుతారు. వంతు వచ్చినవారు ఒక కార్డు తీసుకుంటారు, లేదా చేతిలో ఉన్న ఒకే రకం సరుకు కార్డులు మూడు దించి ఒక బిళ్ల తీసుకుంటారు. కార్డుల కట్ట అయిపోయినప్పుడు ఎవరి దగ్గర ఎక్కువ బిళ్లలుంటే వారిదే గెలుపు.' ఆట ఎలా మొదలవుతుంది, వంతులో ఏం చేస్తారు, ఎప్పుడు ముగుస్తుంది, ఎవరు గెలుస్తారు అనే నాలుగూ ఇందులో వచ్చేశాయి. ఆటతీరు గడిలో మీ ఆటకు 'సెట్ కలెక్షన్' (ఒకే రకం కార్డులు కూడబెట్టడం), 'హ్యాండ్ మేనేజ్‌మెంట్' (చేతిలోని కార్డులను చూసుకుని వాడటం) సరిపోతాయి. ఎక్కువమంది చూస్తారని పది ఎంచుకుంటే పేజీ మీద నమ్మకం పోతుంది.

చివర నిర్వాహకులకు సందేశం రాసే గడి ఉంటుంది. మనవాళ్లు ఎక్కువగా ఖాళీగా వదిలేసేది అదే. పెట్టె ఫొటో, నియమాల కాగితం, ఆట ఎక్కడ దొరుకుతుందో చెప్పే పేజీ, వీటి లింకులు అక్కడ పెట్టండి. ఎన్ని పెట్టెలు వేశారో కూడా దాచకుండా రాయండి. 60 అంటే చిన్నతనం కాదు.

ప్రశ్న: మా పెట్టె మీద పేరు తెలుగులో, ఒడియాలో ఉంది. ఏ పేరు ఇవ్వాలి? (గుణుపురం)

జవాబు: ప్రధాన పేరు రోమన్ అక్షరాల్లో ఇచ్చి, తెలుగు లిపిలో ఉన్నదాన్ని, ఒడియా లిపిలో ఉన్నదాన్ని ప్రత్యామ్నాయ పేర్లుగా చేర్చండి. అప్పుడు ఏ లిపిలో వెతికినా పేజీ దొరుకుతుంది. స్పెల్లింగ్ మాత్రం ముందే ఖాయం చేసుకోండి. పైన రాయగడవారి ఆటనే చూడండి. 'సంత'ను రోమన్‌లో రాస్తూ టి తర్వాత హెచ్ వదిలేస్తే అది క్రిస్మస్ తాత పేరైపోతుంది. వెతికినవాళ్లకు బహుమతుల మూట ఆటల మధ్య అది కనిపిస్తుంది. హెచ్ వేసి, రెండో ముద్రణలో పెట్టె మీద కూడా అదే స్పెల్లింగ్ అచ్చు వేయించండి.

ప్రశ్న: మా ఇంట్లో పాత గంజపా (ఒడిశా సంప్రదాయ పేకముక్కలు) కట్ట ఉంది. గుండ్రటి ముక్కలు, చేత్తో వేసిన బొమ్మలు. మా నాన్నగారి తరం దాకా ఆడారు. దీన్ని ఎక్కించాలంటే డిజైనర్ ఎవరని రాయాలి? (పర్లాకిమిడి)

జవాబు: మంచి ప్రశ్న వేశారు, చేయాల్సిన పని కూడా ఇది. ముందు ఒక తేడా చూడండి. కట్ట వేరు, ఆట వేరు. మామూలు పేకముక్కల కట్టతో రమ్మీ ఆడొచ్చు, బ్రిడ్జ్ ఆడొచ్చు. గంజపా కట్టా అలాంటిదే. 'గంజపా' అని ఊరుకుంటే సరిపోదు, ఆ కట్టతో మీ ఇంట ఆడిన ఆట ఏమిటో నియమాలతో సహా చెప్పాలి.

ముక్కలు లెక్కపెట్టండి. 96 ఉంటే ఎనిమిది రంగుల కట్ట, 120 ఉంటే పది రంగులు, 144 ఉంటే పన్నెండు. రంగుకు 12 ముక్కలు: రాజు, మంత్రి, ఒకటి నుంచి పది దాకా అంకెలు. ఒక్కో రంగును వరసగా పేర్చితే ఏ ముక్క పోయిందో తెలిసిపోతుంది. తర్వాత పెద్దవాళ్లను అడగాల్సిన అసలు సంగతి ముక్కల విలువ. గంజిఫా కుటుంబపు ఆటల్లో (గంజపా ఆ కుటుంబానిదే) కొన్ని రంగుల్లో మంత్రి తర్వాత పది పెద్దది, మిగతా రంగుల్లో వరస తిరగబడి ఒకటి పెద్దది. మీ ఇంటి ఆటలో ఏ రంగులు ఎటు తిరుగుతాయో రంగు రంగుకూ రాసుకోండి. ఎంతమంది ఆడేవారు, ముక్కలు ఎన్నేసి పంచేవారు, మొదటి ముక్క ఎవరు దించేవారు, ఇవన్నీ వాళ్లు చెబుతుండగా ఫోన్‌లో రికార్డు చేయండి. ఇది తెలిసినవాళ్లు ఇంట్లో ఉన్నప్పుడే చేయాల్సిన పని, వాయిదా వేయకండి.

ఫారంలో డిజైనర్ గడికి 'అన్‌క్రెడిటెడ్', ప్రచురణకర్త గడికి 'పబ్లిక్ డొమైన్' అనే ఎంట్రీలు ఉన్నాయి. సంవత్సరం తెలియకపోతే సున్నా వేయండి. 'వెయ్యేళ్ల నాటిది' అని ఊహించి వేయకండి. ఆట అప్పటికే జాబితాలో ఉంటే కొత్త పేజీ అడగకుండా, మీ కట్టను ఆ పేజీ కింద ఒక 'వెర్షన్'గా (అదే ఆటకు మరో రూపంగా) చేర్చండి. కట్ట వేసిన చిత్రకారుడి పేరు తెలిస్తే, ఆయన లేదా వారి ఇంటివాళ్ల అనుమతితో ఆర్టిస్టు గడిలో తప్పక రాయండి. గుడ్డ పొరలను చింతగింజల జిగురుతో అతికించి, సుద్ద పట్టించి, గుండ్రంగా కోసి, ముక్క ముక్కకూ బొమ్మ వేసిన చెయ్యి అది. ఊరూ పేరూ లేకుండా పోకూడదు.

ప్రశ్న: పులి–మేక ఆటను పంపితే 'ఇది ఇప్పటికే ఉంది' అన్నారు. వాళ్లు చూపించిన పేజీలో తమిళ పేరుంది. మన ఆట మనది కాదా? (జయపురం)

జవాబు: మనదే, తమిళులదీ. జాబితాలో పేజీ ఉండేది ఆటకు, ఒక్కో భాషలోని పేరుకు కాదు. మీరు గీసే బల్ల మీద గీతలు కలిసే చోట్లు లెక్కపెట్టండి. శిఖరం నుంచి గీతలు దిగే గోపురం లాంటి బల్ల, 23 చోట్లు, 3 పులులు, 15 మేకలు అయితే అది తమిళనాట 'ఆడు పులి ఆట్టం' అనే ఆటే. ఆ పేజీలో తెలుగు పేరును, మీ దగ్గర వాడుకలో ఉన్న ఒడియా పేరును ప్రత్యామ్నాయ పేర్లుగా చేర్చమని దిద్దుబాటు పంపండి. చతురస్రం బల్ల, 25 చోట్లు, 4 పులులు, 20 మేకలు అయితే అది నేపాల్‌లో ప్రసిద్ధమైన బాఘ్ చాల్, దానికి వేరే పేజీ. మీ లెక్క ఈ రెంటిలో దేనికీ కలవకపోతే అప్పుడు కొత్త పేజీ అడగొచ్చు. బల్ల బొమ్మను స్కేలుతో గీసి జత చేయండి. మాటల్లో చెబితే ఎవరికీ అర్థం కాదు.

ప్రశ్న: లూడో బల్ల మీద మా ఊరి బొమ్మలు వేసి, ఆరు పడకపోయినా కాయ దింపొచ్చని నియమం మార్చాం. రెండుసార్లు తిరస్కరించారు. (బరంపురం)

జవాబు: మూడోసారి అలాగే పంపకండి. బొమ్మలు మారితే, ఒక్క నియమం సడలితే కొత్త ఆట కాదు. లూడో పేజీ కింద వెర్షన్‌గా పంపండి. లూడో కూడా మన పచ్చీసు నుంచి వెళ్లి పందొమ్మిదో శతాబ్దం చివర్లో ఇంగ్లండ్‌లో పేటెంటు పొందిన ఆటే. అది వేరే ఆట ఎందుకయిందంటే గవ్వలు పోయి పాచిక వచ్చింది, నడక మారింది. మీరు కూడా గెలిచే పద్ధతినే మార్చే కార్డులేవైనా జోడిస్తే కొత్త పేజీకి దారి ఉంటుంది. అప్పుడు లూడోకు సంబంధం చూపే లంకె వేయాలి.

వెర్షన్ ఫారంలో పెట్టె కొలతలు అంగుళాల్లో, బరువు పౌండ్లలో ఉంటాయి. సెంటీమీటర్లను 2.54తో భాగించండి, గ్రాములను 454తో. 20 × 20 × 5 సెంటీమీటర్ల పెట్టె 7.9 × 7.9 × 2 అంగుళాలు అవుతుంది. 600 గ్రాములు 1.32 పౌండ్లు. సెంటీమీటర్లను అలాగే దించేస్తే మీ పెట్టె టీవీ అంత అయి కూర్చుంటుంది.

ప్రశ్న: పేజీ వచ్చింది, ఫొటో లేదు, ర్యాంకూ లేదు. ఏం చేయాలి? (కోరాపుట్)

జవాబు: ఫొటోలు పేజీ వచ్చాక విడిగా ఎక్కించాలి. పెట్టె ముందు వైపు నిటారుగా, ఎండ నేరుగా పడని వరండాలో, ఫ్లాష్ లేకుండా తీయండి. మెరిసే లామినేషన్ మీద ఫ్లాష్ పడితే పేరు మధ్యలో తెల్లటి మచ్చ వస్తుంది. రెండో ఫొటోలో అన్ని భాగాలూ పరిచి చూపండి, మూడోది ఆట మధ్యలో తీయండి.

ర్యాంకుకు కనీసం 30 మంది రేటింగు ఇవ్వాలి. ఆ తర్వాత కూడా వచ్చిన రేటింగులకు సైటువాళ్లే కొన్ని సగటు ఓట్లు కలిపి లెక్కవేస్తారు కాబట్టి, పదికి పది ఇచ్చిన 30 మందితో పైకి ఎగబాకడం కుదరదు. దొంగ ఖాతాలు తెరిచి ఓట్లు వేయకండి, పట్టుబడితే ఆ రేటింగులు పోతాయి, మీ మాట మీద నమ్మకమూ పోతుంది. పెట్టె కొన్నవాళ్లకు పేజీ లింకున్న చీటీ ఇచ్చి, నచ్చినా నచ్చకపోయినా రేటింగు వేయమనండి. నియమాల ఇంగ్లీషు అనువాదాన్ని పీడీఎఫ్‌గా ఫైల్స్ విభాగంలో పెట్టండి. తెలుగు రానివారు ఈ ఆట ఆడగలరా అని అడిగే భాషా ఓటింగు కూడా పేజీలో ఉంటుంది. కార్డుల మీద మాటలకు బదులు గుర్తులున్న ఆట అయితే ఆ సంగతి మీరే ముందుగా అక్కడ ఓటు వేసి చెప్పండి.