తొలి సంక్రాంతికి నల్లచీర

ప్రశ్న: మాది నిజామాబాద్. పుణె అబ్బాయిని ప్రేమించి పెళ్లి చేసుకున్నాను. మొన్న మొదటి సంక్రాంతికి మా అత్తగారు నల్లచీర, చక్కెర నగలు తెచ్చి కట్టుకోమన్నారు. ఫోన్లో అమ్మకు చెబితే, "కొత్త పెళ్లికూతురికి నలుపా?" అని ఏడ్చేసింది. నేను కట్టుకోలేదు. అప్పట్నుంచి అత్తగారు ముభావంగా ఉంటున్నారు. పైగా పెళ్లిలో పెట్టిన కొత్త పేరుతోనే నన్ను పిలుస్తారు. అది నాకు నచ్చదు. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు.

జవాబు: ముందు చీర సంగతి. మనవైపు శుభకార్యాల్లో నలుపు కట్టనివ్వరు కాబట్టి మీ అమ్మగారి కంగారు సహజమే. మరాఠీవాళ్లు కూడా మిగతా పండుగలకు నలుపు జోలికి పెద్దగా పోరు. సంక్రాంతికి మాత్రం కావాలని కడతారు, చలికి వెచ్చగా ఉంటుందంటారు. కొత్త కోడలికి తొలి సంక్రాంతికి నల్లని చంద్రకళ చీర పెట్టి, హల్వా నగలు (మీరన్న చక్కెర నగలే) తొడిగి, ముత్తయిదువలను పేరంటానికి పిలవడం అక్కడ అత్తగారి ముచ్చట. ఆ నగల పూసలు చేయడం ఎంత ఓపికతో కూడిన పనో! సన్నసెగ మీద నువ్వులు వేసి, చక్కెర పాకం కొంచెం కొంచెంగా పోస్తూ, చేత్తో కదుపుతూనే ఉండాలి. అప్పుడుగానీ పైన సన్నటి ముళ్లు లేచిన తెల్లని పూసలు తయారు కావు. వాటితోనే హారం, గాజులు, దిద్దులు చేస్తారు. మీ అత్తగారు కొనే తెచ్చి ఉండొచ్చు, అయినా అంత ముచ్చటపడి తెస్తే మీరు కారణం చెప్పకుండా పక్కన పెట్టేశారు. ఆమె నొచ్చుకున్నది అందుకే.

ఈ పసుపుకుంకుమ పేరంటాలు రథసప్తమి దాకా సాగుతాయి, కాబట్టి ఇంకా సమయం ఉంది. "ఆయీ (అమ్మా), మా ఇంట్లో నలుపు కట్టనివ్వరు, అందుకే భయపడ్డాను. ఇప్పుడు కట్టుకుంటాను, నగలు మీరే పెట్టండి" అని అడగండి. నువ్వులుండ చేతిలో పెట్టి "తియ్యగా మాట్లాడండి" అని చెప్పుకునే పండుగ ఇది, ఆమె కాదనరు. ఆ రోజే మీ అమ్మగారికి వీడియో కాల్ చేసి ఇద్దరినీ మాట్లాడించండి. భాష అడ్డొస్తే ఒకరి మాట ఒకరికి మీ ఆయన చెబుతారు. ఇకమీదట అక్కడి మాటలు ఇక్కడికీ, ఇక్కడివి అక్కడికీ మీరు మోయకండి.

పేరు విషయంలో మాత్రం సర్దుకుపొమ్మని నేను చెప్పను. పళ్లెంలో బియ్యం మీద పెళ్లికూతురి కొత్త పేరు రాయించడం చాలా మరాఠీ పెళ్లిళ్లలో ఉన్నదే. కానీ పెళ్లయినంత మాత్రాన పేరు మార్చుకోవాలని చట్టం చెప్పదు. ఆధార్, బ్యాంకు కాగితాలు ఎవరు ఒత్తిడి చేసినా మార్చకండి. ఈ మాట అత్తగారికి చెప్పాల్సింది మీ ఆయనే. పేరంటం రోజున వద్దు, వారం పది రోజులు పోనిచ్చి చెప్పమనండి.