ముప్ఫై దాటాక, కాలు పోయాక షాట్‌పుట్ మొదలుపెట్టవచ్చా?

మీరు అడిగింది: తమ్ముడికి ముప్ఫై దాటాయి, బైక్ యాక్సిడెంట్‌లో ఎడమ కాలు మోకాలి కింద తీసేశారు, ప్యారిస్ పారాలింపిక్స్‌లో షాట్‌పుట్ పతకం గెలిచిన హొకాటో సేమా గురించి చూసినప్పటి నుంచి ఉద్యోగం మానేసి షాట్‌పుట్ ఆడతానంటున్నాడు, ఒప్పుకోవాలా వద్దా అని.

షాట్‌పుట్‌కి ఒప్పుకోండి. ఉద్యోగం మానడానికి మాత్రం వద్దు. నాకూ కుడి కాలు మోకాలి కింద లేదు. కుర్చీలో కూర్చుని షాట్‌పుట్ గుండు వేస్తాను. రాష్ట్ర స్థాయి దాటలేదు కాబట్టి పతకాల గురించి చెప్పే అర్హత నాకు లేదు గానీ, ఈ ఆట మనిషి దగ్గర ఏమేం అడుగుతుందో మాత్రం బాగా తెలుసు. నా కడుపు నింపేది జిరాక్స్ షాపు.

ముందు సేమా సంగతి. ఆయనది నాగాలాండ్‌లోని దిమాపూర్. చిన్న వయసులోనే సైన్యంలో చేరాడు, స్పెషల్ ఫోర్సెస్‌లోకి వెళ్లాలన్నది కోరిక. 2002 అక్టోబర్‌లో జమ్మూ కశ్మీర్‌లోని చౌకీబల్ దగ్గర చొరబాట్లను ఆపే ఆపరేషన్‌లో మందుపాతర పేలి ఎడమ కాలు మోకాలి కింద పోయింది. షాట్‌పుట్ పట్టింది 2016లో, 32 ఏళ్ల వయసులో. పుణెలో సైన్యం నడిపే కృత్రిమ అవయవాల కేంద్రంలో ఒక సీనియర్ అధికారి ఆయన ఒంటి బలం చూసి ప్రోత్సహించాడు. 2023లో హాంగ్‌జౌ ఆసియా పారా క్రీడల్లో కాంస్యం, 2024లో కోబే ప్రపంచ పోటీల్లో నాలుగో స్థానం, అదే ఏడాది సెప్టెంబర్‌లో ప్యారిస్‌లో ఎఫ్57 విభాగంలో (కూర్చుని వేసేవాళ్లది) కాంస్యం. అప్పటికి ఆయనకు 40 ఏళ్లు. ఆ తర్వాత అర్జున అవార్డు.

టీవీలో ఈ కథ రెండు నిమిషాల్లో అయిపోతుంది: మందుపాతర, కన్నీళ్లు, పతకం. 2002కీ 2016కీ మధ్య ఉన్న 14 ఏళ్లు ఎవరూ చూపించరు. నాకు ముఖ్యంగా కనిపించేది ఆ 14 ఏళ్లే. ఆయన ఒంటి మీద యూనిఫాం ఉంది. ప్యారిస్‌లో పతకం గెలిచేనాటికీ హవల్దారే. నెల తిరిగితే జీతం, పుణెలో సైన్యానికి పారా క్రీడాకారుల కోసమే ఉన్న శిక్షణ ఏర్పాట్లు, ఫిజియో అన్నీ అందుబాటులో ఉన్నాయి. అదే పోటీలో ఐదో స్థానంలో నిలిచిన సోమన్ రాణా కూడా సైనికుడే, 2006లో మందుపాతర పేలుడులో కుడి కాలు పోగొట్టుకున్నాడు. వాళ్ల కష్టాన్ని తక్కువ చేయడం లేదు. కానీ మీ తమ్ముడు వదులుకుంటానంటున్నది సరిగ్గా వాళ్లని నిలబెట్టిన దాన్నే. నెల జీతం ఉంటే ఆటలో ఏడాది వెనకబడినా ఫరవాలేదు. జీతం లేకపోతే మూడో నెలకే ఇంట్లో గొడవలు మొదలవుతాయి, మనసు గ్రౌండ్ మీద ఉండదు.

ఇక ఆట. మోకాలి కింద కాలు పోయినవాళ్లు నిలబడి కూడా వేయవచ్చు, ఎఫ్64 అంటారు. అయితే ప్యారిస్ పారాలింపిక్స్‌లో ఆ విభాగంలో మగవాళ్లకి డిస్కస్, జావెలిన్ ఉన్నాయి గానీ షాట్‌పుట్ లేదు. అందుకే గుండు మీద ఇష్టం ఉన్నవాళ్లు ఎఫ్57లో కూర్చుని వేస్తారు. మగవాళ్లకి 4 కిలోల గుండు. మామూలు అథ్లెట్లు వేసే 7.26 కిలోలతో పోలిస్తే తేలికే అనిపిస్తుంది. కుర్చీలో కూర్చుని ఒకసారి వేసి చూడమనండి, అప్పుడు తెలుస్తుంది.

కుర్చీ అంటే చక్రాల కుర్చీ కాదు. ఇనుప పైపులతో చేసిన పీట లాంటిది, దాన్ని కదలకుండా నేలకి బిగిస్తారు. సీటు ఎత్తు 75 సెంటీమీటర్లు దాటకూడదు, కుషన్ కూడా లెక్కలోకే వస్తుంది. తొడల మీదుగా బెల్టులు. ముందు పక్కగా నిలువు రాడ్డు. కుడిచేతి వాటం అయితే ఎడమ చేత్తో ఆ రాడ్డు పట్టుకుని, గుండు మెడకి ఆనించి, ఒళ్లు వెనక్కి తిప్పి, రాడ్డుని లాగుతూ ముందుకి నెట్టాలి. నిలబడి వేసేవాళ్లు కాళ్లతో తెచ్చుకునే బలాన్ని మనం ఆ రాడ్డు నుంచే లాక్కోవాలి. అందుకే కొత్తలో నొప్పి పుట్టేది గుండు వేసే చెయ్యి కాదు, రాడ్డు పట్టుకున్న చెయ్యి. నాకైతే ఎడమ బొటనవేలి మొదట్లో కాయ కాసి గట్టిపడిపోయింది.

అన్నిటికన్నా టెన్షన్ పెట్టే నియమం ఒకటుంది: వేసేటప్పుడు పిరుదులు సీటు మీద నుంచి లేవకూడదు. లేస్తే ఎర్ర జెండా, త్రో పోయినట్టే. గట్టిగా వేయాలని చూసే ప్రతివాడికీ ఒళ్లు తనంతట తానే లేస్తుంది. టోక్యో పారాలింపిక్స్‌లో బ్రెజిల్‌కి చెందిన తియాగో పౌలినోకి ముందు ఎఫ్57 బంగారు పతకం అన్నారు. చైనా వాళ్లు ఫిర్యాదు చేశాక, సీటు మీద నుంచి లేచాడని అతని మంచి త్రోలు కొట్టేసి కాంస్యానికి దించారు. ఆయనే ప్యారిస్‌లో 15.06 మీటర్లతో రజతం తీసుకున్నాడు. బంగారం ఇరాన్‌కి చెందిన యాసిన్ ఖొస్రవీది, 15.96 మీటర్లు, పారాలింపిక్ రికార్డు.

ఇంకో తేడా. కూర్చుని వేసే పోటీల్లో బెల్టులు బిగించి విప్పడానికి టైం పడుతుంది కాబట్టి మన వంతు త్రోలన్నీ వరసగా వేసేయాలి. మధ్యలో పక్కకెళ్లి కోచ్‌తో మాట్లాడి, నీళ్లు తాగి రావడం కుదరదు. సేమా ప్యారిస్‌లో 13.88తో మొదలుపెట్టాడు, తర్వాత 14 మీటర్లు, ఆ తర్వాత 14.40, నాలుగో త్రోకి 14.65. అంతకుముందెప్పుడూ ఆయన అంత దూరం వేయలేదు. కుర్చీలోంచి కదలకుండా త్రో త్రోకీ పెంచుకుంటూ పోవడం ఎంత కష్టమో వేసేవాళ్లకే తెలుస్తుంది. నాకు రెండో త్రో బాగా పడితే మూడోది కచ్చితంగా పాడవుతుంది! మా జిల్లా పోటీల్లో 10 మీటర్లు దాటించినవాళ్లనే నేను తక్కువ మందిని చూశాను, ఇక 14.65 ఎక్కడుందో మీరే లెక్కేసుకోండి.

సదరం సర్టిఫికెట్‌లో వైకల్యం ఎంత శాతం ఉంది అన్నదానికీ, ఆటలో ఏ విభాగం ఇస్తారన్నదానికీ సంబంధం లేదు. పోటీలకి వచ్చే క్లాసిఫికేషన్ ప్యానెల్ విడిగా పరీక్షించి తేలుస్తుంది. "నాకు ఇంత శాతం ఉంది, నేను ఎఫ్57" అని ముందే అనుకుని వచ్చి వాదనకి దిగేవాళ్లు ప్రతి మీట్‌లోనూ ఉంటారు. వైద్య పరీక్షల కాగితాలు, ఎక్స్‌రేలు అన్నీ ఒక ఫైల్లో పెట్టుకోమనండి.

కాలు చివర చర్మం గురించి కూడా చెప్పాలి. మన ఎండల్లో కృత్రిమ కాలు వేసుకుని గ్రౌండ్ దాకా నడిచేసరికి సాకెట్ (మిగిలిన కాలు దూర్చే గిన్నె లాంటి భాగం) లోపల చెమట పట్టి ఒరుసుకుపోతుంది. పుండు పడితే మళ్లీ కాలు వేసుకునేదాకా వారం పది రోజులు పోతాయి, ప్రాక్టీస్‌తో పాటు డ్యూటీ కూడా పోతుంది. నేను కుర్చీ ఎక్కగానే కాలు విప్పి, తుడిచి, నీడలో పెడతాను.

పోటీలకి రైల్లో వెళ్లడం మరో తంటా. నా మొదటి కుర్చీ వెల్డింగ్ షాపులో ఒకటే ముక్కగా చేయించాను, బెర్తు కింద పట్టేది కాదు. ఇప్పటిది బోల్టులు విప్పితే ముక్కలవుతుంది, సంచిలో స్పానర్ ఎప్పుడూ ఉంటుంది.

మనవాళ్లలో ఎవరున్నారని అడగవచ్చు. ఆంధ్రప్రదేశ్ అబ్బాయి రొంగలి రవి ఉన్నాడు. అతనిది వేరే విభాగం, ఎఫ్40, పొట్టిగా ఉండేవాళ్లది, నిలబడే వేస్తారు. హాంగ్‌జౌలో రజతం, ప్యారిస్‌లో 10.63 మీటర్లతో ఐదో స్థానం. ఐదో స్థానం కాబట్టి ఇక్కడ ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు, అది వేరే కథ.

మీ తమ్ముడు ప్రస్తుతానికి ఉదయం డ్యూటీకి ముందు గంటసేపు భుజాలకీ, వీపుకీ, నడుముకీ వ్యాయామం చేస్తే చాలు. జిల్లాలో పారా క్రీడల సంఘం వాళ్లని కలిసి వచ్చే మీట్ ఎప్పుడో కనుక్కోండి. అక్కడ ఎవరిదైనా కుర్చీ అడిగి కూర్చుని నాలుగు త్రోలు వేసి చూడమనండి, సాధారణంగా ఎవరూ కాదనరు. ఆ తర్వాతే సొంత కుర్చీ. నాది ఏ కొలతలతో చేయించానో రాసి పంపిస్తాను. అతను ఏ చేత్తో వేస్తాడో, కూర్చున్నప్పుడు సీటు నుంచి భుజం దాకా ఎంత ఎత్తుందో కొలిచి చెప్పండి. ఆ రెండూ తెలియకుండా మాత్రం పైపులు కొనకండి.