పదకొండు గుళ్ళు రెండు రోజుల్లోనా?

చిరంజీవి శారదకు,

మామ ఆశీస్సులు.

తిరుపతి చుట్టుపక్కల గుళ్ళు చూడ్డానికి నువ్వు వేసుకున్న పట్టికను మీ అమ్మ నిన్న వాట్సాప్‌లో పంపింది. నీతో ఆర్కిటెక్చర్ చదివే నలుగురు ఆడపిల్లలు, ఒక వ్యాను, ఒక గైడు, సంక్రాంతి తర్వాత రెండు రోజులు. మీ అత్తకు గట్టిగా చదివి వినిపించాను. మన ఇళ్ళలో గుడికి పోయేది మొక్కు తీర్చుకోవడానికే. గోడలు చూడ్డానికి పోతానని అన్న పిల్లవు మన వంశంలో నువ్వే. నేను మండపంలో కూర్చుని స్తంభాలు గీసుకుంటుంటే మీ అమ్మమ్మ "వీడికి దండం పెట్టడం కూడా రాదు" అని పూజారితో చెప్పుకొనేది. ఇప్పుడు ఉంటే నిన్ను చూసి ఏమనేదో.

సంతోషం సంగతి అయింది. ఇక తిట్లు.

కపిలతీర్థం, గోవిందరాజస్వామి, తిరుచానూరు, మంగాపురం, చంద్రగిరి, గుడిమల్లం, శ్రీకాళహస్తి, అప్పలాయగుంట, నారాయణవనం, నాగలాపురం, సురుటుపల్లి. ఇది పట్టికా, బస్సు బోర్డా? మధ్యాహ్నం చాలా గుళ్ళకు తలుపులు వేస్తారని ఇందులో ఎక్కడా లేదు. పన్నెండున్నరకు ఒక గుడి, ఒంటిగంటకు ఇంకొకటి అని రాసుకున్నావు. మూసిన తలుపుల ముందు ఐదుగురూ సెల్ఫీ తీసుకుంటారా?

ఈ పట్టిక చూడగానే నాకు మీ నాన్న గుర్తొచ్చాడు. నీకు ఎవరూ చెప్పి ఉండరు కాబట్టి నేను చెప్తాను.

నువ్వు పుట్టకముందు మాట. నాగలాపురం వేదనారాయణస్వామి గుడిలో ఏటా మార్చి నెలలో సూర్యపూజ జరుగుతుంది. సాయంత్రం ఆరుగంటలప్పుడు పడమటి పొద్దు నేరుగా వాకిళ్ళన్నీ దాటి గర్భగుడిలోకి వస్తుంది. మొదటిరోజు స్వామి పాదాల మీద, రెండోరోజు నాభి మీద, మూడోరోజు శిరస్సు మీద పడుతుంది. మత్స్యావతారమూర్తి, నడుము కింద చేప. శ్రీకృష్ణదేవరాయలు తల్లి నాగమాంబ పేరున ఆ ఊరు వెలిసిందంటారు. ఇదంతా మీ అమ్మమ్మకు ఎవరో చెప్పారు. ఆమె ఎప్పుడూ ఏదీ అడిగిన మనిషి కాదు. ఆ ఒక్కటి అడిగింది: "మూడోనాడు పొద్దు స్వామి తల మీద పడేది చూడాల."

మీ నాన్న అప్పటికి కొత్త అల్లుడు. అత్తగారు నోరు తెరిచి అడిగిందని కారు మాట్లాడాడు. అంతవరకు బంగారం. తెల్లారేసరికి ఒక తెల్లకాగితం మీద పట్టిక రాసి డ్రైవరు ముందు అతికించాడు. "ఎట్లాగూ ఆ దారినే పోతాం కదా బావా" అని అప్పలాయగుంట చేర్చాడు. పుత్తూరు దగ్గర నారాయణవనం చేర్చాడు. పద్మావతీ శ్రీనివాసుల కల్యాణం జరిగిన చోటు, అత్తగారు చూడొద్దా అన్నాడు. ఆ మాటకు ఎవరు అడ్డం చెప్తారు? అన్నాలు తిని బయల్దేరి నాగలాపురం చేరేటప్పటికి ఇంకా బోలెడు పొద్దుంది. అక్కడ గమ్మున కూర్చోవాల్సింది. మీ నాన్న వాచీ చూసుకుని "ఇంకా రెండు గంటలుంది, సురుటుపల్లి ఎంత దూరం, పోయి వచ్చేద్దాం" అన్నాడు.

సురుటుపల్లిలో శివుడు హాలాహలం తాగి పార్వతి ఒళ్ళో తల పెట్టుకుని పడుకుని ఉంటాడు. అట్లాంటి శివుణ్ణి నువ్వు ఇంకోచోట చూడవు. త్రయోదశి సాయంత్రం చేసే ప్రదోషపూజకు పెట్టింది పేరు ఆ గుడి. ఆ రోజు త్రయోదశి. మాలో ఒక్కరికీ తోచలేదు. జనం, వ్యాన్లు, మద్రాసు నుంచి వచ్చిన బస్సులు. లోపలికి పోయినవాళ్ళం బయటికి రాలేకపోయాం. వచ్చినాక కారు కదలదు.

మేం నాగలాపురం తిరిగొచ్చేసరికి జనం గుళ్ళోంచి బయటికి వస్తున్నారు. మొహాలు చూస్తేనే తెలిసిపోయింది. మీ అమ్మమ్మ ఏమీ అనలేదు. గడప దగ్గర వంగి చేత్తో తాకి "బండ ఇంకా వెచ్చగానే ఉందే" అంది. లోపల దీపాల వెలుగులో స్వామిని చూసుకుంది. తిరుగుదారిలో పెరుగన్నం మూట విప్పి మొదటి ముద్ద అల్లుడికే పెట్టింది. "పొద్దు యాడికి పోతాది నాయనా, వచ్చే ఏడు చూస్తాంలే" అంది. వచ్చే ఏటికి మోకాళ్ళు పట్టేశాయి. ఆ పై ఏడు మంచం.

మీ నాన్న ఈ సంగతి ఎప్పుడూ ఎత్తడు. రైలు ఏడింటికైతే ఐదింటికే స్టేషన్లో కూర్చుంటాడని మీరందరూ నవ్వుతారు కదా. నేను నవ్వను.

అందుకే దక్షిణం వైపు నాలుగు ఊళ్ళూ ఈసారికి కొట్టెయ్యి. నాగలాపురానికి మార్చిలో రా, ఆ ఒక్కదానికే రా. మధ్యాహ్నమే పోయి కూర్చుందాం. తిరుచానూరు అమ్మవారిని ఆటోలో పోయి దండం పెట్టుకోవచ్చు, దానికి గైడెందుకు? కపిలతీర్థం మా ఇంటికి దగ్గరే, ఏ సాయంత్రమైనా నడిచి పోవచ్చు.

గుడిమల్లానికి మొదటిరోజు పొద్దున్నే పోండి. రేణిగుంట దాటి పాపానాయుడుపేట మీదుగా దారి. గైడు వ్యానులోనే మొదలుపెడతాడు, ప్రపంచంలో మొట్టమొదటి శివలింగం అని. తల ఊపు, కానీ ఒక ప్రశ్న అడుగు: "ఏ ఆధారంతో?" క్రీస్తుకు పూర్వం రెండు, ఒకటి శతాబ్దాలని చాలామంది పండితులు అంటారు, ఇంకా తర్వాతిదని అనేవాళ్ళూ ఉన్నారు. మంచి గైడైతే ఆ రెండు మాటలూ చెప్తాడు. కథ చెప్పేటప్పుడు కథ అని, శాసనం చెప్పేటప్పుడు శాసనం అని విడదీసి చెప్పేవాడికి అడిగిన దానికంటే వంద ఎక్కువే ఇవ్వు. విసుక్కునే గైడుతో వాదన పెట్టుకోవద్దు, మీరు ఐదుగురూ వెనకబడి మీ పాటికి మీరు చూసుకోండి.

గర్భగుడి మండపం కంటే పల్లంగా ఉంటుంది. లింగం ఐదడుగుల ఎత్తు. దాని ముందువైపు శివుడు నిలబడి ఉంటాడు, కింద వంగి కూర్చున్న యక్షుడి భుజాల మీద. కుడిచేత్తో పొట్టేలును వెనక కాళ్ళు పట్టుకుని తలకిందులుగా వేలాడదీశాడు. ఎడమచేతిలో చిన్న పాత్ర, ఎడమ భుజం మీద గండ్రగొడ్డలి. ఒంటిమీద జంధ్యం లేదు. పంచె ఎంత పల్చగా చెక్కాడంటే బట్ట ఉన్నట్టు మడతలు చూస్తేనే తెలుస్తుంది. లోపల ఫోటోలు తీయనివ్వరు, మంచిదే. పూజారి హారతి ఎత్తినప్పుడు ఆ మంట వెంబడే నీ చూపు పోవాల. మొహం నుంచి భుజానికి, భుజం నుంచి చేతికి, చివరికి కింద ఉన్నవాడి మొహానికి. ఆ బరువు మోస్తున్నవాడు ఏడుస్తున్నాడో నవ్వుతున్నాడో చూసొచ్చి నాకు చెప్పు. బయటికి రాగానే ఎవరితోనూ మాట్లాడకుండా పుస్తకం తీసి గీసెయ్యి. తప్పుగా వచ్చినా సరే. బళ్ళో పిల్లలకు నేను చెప్పింది ఇదే: గీయబోతేనే తెలుస్తుంది ఏం చూడలేదో.

లింగం చుట్టూ రాతి కంచె ఉంది, బౌద్ధ స్తూపాల చుట్టూ ఉండే కంచె లాంటిది, దాన్ని వేదిక అంటారు. 1973లో పురావస్తు శాఖ వాళ్ళు తవ్వినప్పుడు ముందు ఆరుబయట కంచెలో లింగం, తర్వాత ఇటుకల గుడి, ఆ పైన ఇప్పటి గుడి అని పొరలు పొరలుగా బయటపడింది. గుడి వెనక్కి పోయి చూడండి. గర్భగుడి మీది విమానం వెనకవైపు గుండ్రంగా తిరిగి ఉంటుంది, గజపృష్ఠం అంటారు. జనం ఎవరూ వెనక్కి పోరు. మీరు చదివే చదువుకు అసలు పాఠం అక్కడే ఉంది.

అక్కణ్ణించి కాళహస్తికి. ఇక్కడ నా మాట ఒకటి తప్పక వినాల. గోపురాల కింద నిలబడి ఫోటోలు తీసుకోవద్దు. నవ్వుకో పర్లేదు. రాయలు 1516లో కట్టించిన ఏడంతస్తుల గాలిగోపురం 2010 మే 26 రాత్రి కుప్పకూలింది. పగుళ్ళు కనపడినాక జనాన్ని దూరం పెట్టారు కాబట్టి సరిపోయింది. నేను ఆ గోపురాన్ని ఎన్నో వైపుల నుంచి గీసినవాణ్ణి. మర్నాడు పోతే రాళ్ళగుట్ట. ఐదువందల ఏళ్ళ కట్టడానికే అట్లా అయితే ఏ రాయిని నమ్మాలి? ఇప్పుడున్నది కొత్తది, 2017లో కుంభాభిషేకం చేశారు, గట్టిదేనని ఇంజినీర్లు అంటారు. అయినా కింద నిలబడొద్దు. దూరంగా నిలబడితేనే నిష్పత్తి తెలుస్తుందని మీ మాస్టార్లు కూడా చెప్పే ఉంటారు.

ఇంకొకటి, పాదాలు. నూనె, నెయ్యి, కొబ్బరినీళ్ళు పడి మెట్లు జారతాయి. పాతాళ వినాయకుడి దగ్గరికి దిగేటప్పుడు ఒకరి వెనక ఒకరు, ఫోన్లు సంచిలో పెట్టుకుని దిగండి. కాలు విరిగితే పుత్తూరు కట్టు దగ్గర్లోనే ఉందని ధైర్యం చేయకు. మీ నాన్నకు నేను జవాబు చెప్పుకోలేను.

నూరుకాళ్ళ మండపం రాయలదే. అన్ని స్తంభాలూ చూడొద్దు. నీకు నచ్చింది ఒకటి పట్టుకుని దాని చుట్టూ తిరుగు. పైన దూలాన్ని మోసే పోతిక చూడు. చోళుల పనైతే సాదాగా ఏటవాలుగా కోసినట్టు ఉంటుంది, విజయనగరం వాళ్ళదైతే కిందికి వేలాడే తామరమొగ్గ ఉంటుంది. ఇది కంటికి పట్టిందంటే ఏ గుడికి పోయినా కాలం నీకే తెలిసిపోతుంది. మంగాపురంలోనూ ఇట్లాగే చూసుకో. అక్కడి గుడిని 1540లో బాగుచేయించింది అన్నమయ్య మనవడు చిన తిరుమలాచార్యులు.

కాళహస్తిలో కలంకారీ వేసే ఇంటికి తీసుకుపొమ్మని గైడును అడగండి, దుకాణానికి కాదు. బట్టను కరక్కాయ, పాలు కలిపిన నీళ్ళలో ముంచి ఆరబెడతారు. చింతపుల్ల బొగ్గుతో ముందు గీస్తారు, తర్వాత వెదురు కలంతో నల్లగీత. ఆ నలుపు ఇనుపముక్కలు, బెల్లం నీళ్ళలో ఊరబెట్టిన కసిమి. గుడి గోడ మీది రామాయణం, బట్ట మీది రామాయణం పక్కపక్కన చూస్తే చెయ్యి ఒకటే అనిపిస్తుంది నాకు. కొనేటప్పుడు గీతను చూడు. ఎక్కడా లావు సన్నం కాకుండా ఒకే తీరున ఉంటే అది అచ్చు వేసింది. ముక్కు దగ్గర పెట్టుకో, కొత్త బట్టకు పాల వాసన పోదు. బేరం ఆడు, కానీ గీసే మనిషి దగ్గర మరీ ఆడకు.

రెండోరోజు పొద్దున మంగాపురం, చంద్రగిరి. రాజమహల్ గుడి కాదు, కానీ అక్కడి మ్యూజియంలో విగ్రహాలను చేయి చాపేంత దూరంలో చూడొచ్చు, గుళ్ళో అట్లా కుదరదు. వారం సెలవు ఎప్పుడో ముందే కనుక్కోండి. సాయంత్రం నాలుగు తర్వాత గోవిందరాజస్వామి గోపురం. పదిహేడో శతాబ్దంలో మట్లి అనంతరాజు కట్టించినది. మధ్యాహ్నం ఎండలో శిల్పాలు చప్పిడిగా ఉంటాయి, వాలుపొద్దులోనే నీడలు పడి లేచి వస్తాయి. అది నేనే చూపిస్తా, గైడును ఇంటికి పంపెయ్యండి. రోడ్డు అవతల నిలబడే చూద్దాం.

లాడ్జి వద్దు, ఐదుగురూ మా ఇంట్లోనే దిగండి. మిద్దె మీద గది ఖాళీగానే ఉంది. మీ అత్త ఊరిబిండి చేస్తానంటోంది. నీ స్నేహితురాళ్ళు రాగిసంగటి తింటారో లేదో అడిగి ఈ వారంలోనే చెప్పు, పిండి ఆడించాల.

ఇట్లు,
మామ
తిరుపతి